స్ట్రాస్‌బర్గ్ పపైరస్‌లో ఒక్క అక్షరం: "కలుస్తాము" అనాలా, "కలుస్తాయి" అనాలా?

తాటాకు_గంటం (చర్చ ప్రారంభించినవారు)

ఎంపెడోక్లీస్ శకలాలను తెలుగు చేసే పని కొంతకాలంగా చేస్తున్నాను. ఇన్నాళ్లూ నన్ను ఇబ్బంది పెట్టినవి గ్రీకు సమాసాలు. ఇప్పుడు మాత్రం ఒకే ఒక్క క్రియాపదపు చివర దగ్గర కలం ఆగిపోయింది. ఈ వేదికలో పాఠపరిష్కరణ తెలిసినవారూ ఛందస్సు తెలిసినవారూ ఉన్నారు కనుక సంగతంతా మొదటి నుంచి చెప్పి మీ అభిప్రాయం అడుగుతాను.

గ్రీకు తత్వవేత్త, కవి అయిన ఎంపెడోక్లీస్ క్రీ.పూ. 5వ శతాబ్దంలో సిసిలీ ద్వీపంలోని అక్రగాస్ నగరంలో జీవించాడు. భూమి, నీరు, అగ్ని, వాయువు అనే నాలుగింటిని ఆయన "వేళ్లు" అన్నాడు, చెట్టు వేళ్లు అనే అర్థంలోనే. ప్రేమ వాటిని కలుపుతుంది, కలహం విడదీస్తుంది, ఈ రెండూ వంతులవారీగా పైచేయి సాధిస్తూ ఉంటాయి. ఇదంతా ఆయన వచనంలో కాక హోమర్ వాడిన వృత్తంలోనే చెప్పాడు. ఆ కావ్యం నశించింది. తరువాతి కాలపు గ్రీకు రచయితలు తమ గ్రంథాలలో ఉదహరించిన ముక్కలే (శకలాలు) చాలాకాలం వరకు లోకానికి దిక్కయ్యాయి: ప్లూటార్క్ దగ్గర కొన్ని, పోర్ఫిరీ దగ్గర కొన్ని, క్రీ.శ. 6వ శతాబ్దంలో అరిస్టాటిల్ భౌతికశాస్త్రానికి వ్యాఖ్య రాసిన సింప్లికియస్ దగ్గర ఒకచోట ఏకంగా 35 పంక్తులు. హెర్మాన్ డీల్స్ 1903లో వీటిని ఒకచోట చేర్చి సంఖ్యలు వేశాడు. నేటికీ ఆ సంఖ్యలతోనే చెప్పుకుంటున్నాము.

1904లో ఓటో రూబెన్‌జోన్ అనే జర్మన్ పండితుడు ఎగువ ఈజిప్టులోని అఖ్మీమ్‌లో ఒక పురావస్తు వ్యాపారి దగ్గర ఒక వస్తువు కొన్నాడు. అది రాగి రేకులు అతికించిన పపైరస్ (నీటి మొక్క కాడలతో చేసే, కాగితం లాంటిది) పట్టీ, శవాన్ని అలంకరించడానికి చేసినది. జర్మన్ సంస్థలు అప్పట్లో కలిసి కొని, కొన్నవాటిని చీట్లు వేసి పంచుకునేవి. ఆ వంతులో ఇది 1905లో స్ట్రాస్‌బర్గ్ గ్రంథాలయానికి చేరింది. ఆ నగరం అప్పుడు జర్మన్ సామ్రాజ్యంలో ఉండేది. ముక్కలను గాజు పలకల మధ్య భద్రపరిచారు, 1665, 1666 అని సంఖ్యలు వేశారు, ఆపైన దాదాపు తొంభై ఏళ్ల పాటు వాటిలో ఏముందో ఎవరూ గుర్తించలేదు. బ్రస్సెల్స్‌కు చెందిన అలెన్ మార్టిన్ 1990లలో వాటిని చేపట్టి ఇవి ఎంపెడోక్లీస్ పద్యాలని గుర్తించాడు. ఆ వార్త 1994లో లోకానికి తెలిసింది. ఒలివర్ ప్రిమవేసితో కలిసి ఆయన పరిష్కరించిన పాఠం 1999లో వెలువడింది.

ముక్కలు 52. అతికించగా 11 సముదాయాలయ్యాయి. లిపిని బట్టి ఈ నకలు క్రీ.శ. 1వ శతాబ్దం చివరిది. పెద్దదైన "ఎ" సముదాయం సింప్లికియస్ ఇచ్చిన ఆ 35 పంక్తుల చివరి భాగంతో మొదలై, ఆయన ఆపిన చోటు నుంచి ముందుకు సాగుతుంది. నా చిక్కు అక్కడే ఉంది. ఆయన ఆపిన వెంటనే వచ్చే పంక్తికి అర్థం "ప్రేమలో ఒకే లోకంగా కలుస్తాము" అని పపైరస్ చెబుతోంది. "సునెర్ఖొమెథ" అంటే "మనం కలుస్తాము". దానిలో "థ" పలికే థీటా అనే గ్రీకు అక్షరం తీసి, "న" పలికే "ను" అనే అక్షరం పెడితే "సునెర్ఖొమెన" అవుతుంది, అంటే "కలుస్తున్నవి". మొదటిదైతే ఈ విశ్వచక్రంలో కలిసి విడిపోయేది మనం. రెండోదైతే నాలుగు మూలాలు మాత్రమే. విచిత్రమేమిటంటే తెలుగులో కూడా "ము"కూ "యి"కీ మధ్య ఉన్న తేడాయే ఇది. ఏది వేయమంటారు?

కొత్త_చదువరి

చాలా ఆసక్తికరంగా ఉంది. అసలు విషయానికి వెళ్లే ముందు ఒక చిన్న సందేహం. సిసిలీ కవి రచన అయిదు వందల ఏళ్ల తరువాత ఈజిప్టులో ఒక శవం మీదికి ఎలా చేరింది? దానిని అక్కడ పవిత్ర మంత్రంగా పెట్టారా?

నైలు_ఒడ్డు

కొత్త చదువరి గారూ, అఖ్మీమ్‌కు గ్రీకు పేరు పనోపొలిస్. అలెగ్జాండర్ తరువాత ఈజిప్టులో గ్రీకు చదువు వేళ్లూనుకుంది. పనోపొలిస్ కూడా చదువుల ఊరే, తరువాతి కాలంలో నాన్నస్ అనే మహాకవి ఆ ఊరి నుంచే వచ్చాడు. కనుక అక్కడ ఒక ఇంట్లో ఎంపెడోక్లీస్ కావ్యం రాసిన పపైరస్ చుట్ట (ఆనాటి పుస్తకం) ఉండటం వింత కాదు. ఆ చుట్ట పాతబడిన తరువాత దాని గతి వేరు. పపైరస్ గట్టిది, వంగుతుంది, జిగురు పెడితే నిలుస్తుంది. అంత్యక్రియల సామగ్రి చేసేవారు పనికిరాని పాత చుట్టలను కోసి వాడుకునేవారు. మన ఊళ్లలో పాత పాఠ్యపుస్తకాల కాగితాలలో బఠాణీలు పొట్లం కట్టి ఇచ్చేవారు చూడండి, ఆ పొట్లం మీద పద్యం ఉంటే అది కొన్నవాడి ఆకలికి సంబంధించినది కాదు. ఇక్కడా అంతే అనుకుంటాను. పునర్జన్మ గురించి రాసిన కవి అని కావాలని ఎంచి శవం మీద పెట్టారని చెప్పడం అందంగా ఉంటుంది గానీ, పట్టీ చేయడానికి చుట్టను కోసిన తీరు చూస్తే అక్షరాల మీద గౌరవం ఉన్నవారి పనిలా లేదు.

ఆ చుట్ట బతికినది కూడా అందువల్లనే. సిసిలీలోని చుట్టలన్నీ తేమకు పోయాయి. ఎగువ ఈజిప్టు ఎండ ఇసుకలో, అదీ సమాధిలో, పపైరస్ పాడుకాదు.

గోదారి_గట్టు

చర్చ మొదలుపెట్టిన వారికి అభినందనలు. పపైరస్ ద్వారా 74 కొత్త పంక్తులు దొరికాయంటే సామాన్యమైన సంగతి కాదు. ఇక నాలుగు మూలాలు అనగానే మన పంచభూతాలు గుర్తుకు రాక మానవు. ఆకాశం ఒక్కటి తగ్గిందంతే. ఈ భావం ఇక్కడి నుంచే అక్కడికి వెళ్లి ఉండవచ్చు కదా?

సందేహి

గోదారి గట్టు గారూ, ముందుగా ఒక సవరణ. 74 అన్నది పపైరస్‌లో పూర్తిగానో తునకలుగానో కనిపించే పంక్తుల మొత్తం. వాటిలో దాదాపు 20 ఉల్లేఖనాల ద్వారా ముందే తెలిసినవి. అలా తెలిసినవి కలిశాయి కనుకనే ఇది ఎవరి రచనో తేలింది. అన్నీ కొత్తవే అయితే గాజు పలకల మధ్య ఇంకా పేరు లేకుండానే ఉండేవి.

పంచభూతాల సంగతి: ఆకాశం తగ్గడం "అంతే" అని తీసివేయదగిన తేడా కాదు. ఆకాశాన్ని ఒప్పుకోక నాలుగే భూతాలన్న వారు మన దగ్గరా ఉన్నారు, వారు చార్వాకులు. అయితే చార్వాకులు మరుజన్మను ఒప్పుకోరు. ఎంపెడోక్లీస్ నాలుగే అంటూ, "నేను ఇదివరకు బాలుణ్ణి, బాలికను, పొదను, పక్షిని, సముద్రంలో ఎగిరే చేపను" అని కూడా అన్నాడు. ఈ రెండూ ఒకే నోట రావడం మన దర్శనాల గదులలో ఏ గదిలోనూ ఇమడదు. పోలికతో ఆయన అర్థమవుతాడనుకోవడం కంటే, పోలిక ఎక్కడ తెగుతుందో చూడటం మేలు. ఎటునుంచి ఎటు వెళ్లిందన్న చర్చకు ఆధారం లేదు కనుక దానిని ఇక్కడ ఆపుదాం.

గోదారి_గట్టు

సంఖ్య విషయంలో నాదే పొరపాటు, సరిదిద్దినందుకు కృతజ్ఞతలు. చార్వాకుల ప్రస్తావన నాకు తట్టలేదు.

భగణం

నేను గ్రీకు పండితుణ్ణి కాను, ఛందస్సు వైపు నుంచి ఒక మాట చెబుతాను. ఎంపెడోక్లీస్ వాడిన హెక్సామీటర్ వృత్తం తెలుగువారికి ఒక్క నిమిషంలో అర్థమవుతుంది. పంక్తికి ఆరు గణాలు. మొదటి అయిదూ భగణాలు, అంటే ఒక గురువు, రెండు లఘువులు. భగణం బదులు రెండు గురువులు వేయవచ్చు. చివరి గణం రెండక్షరాలది. గురులఘువుల లెక్క కూడా అక్షరం పలికే కాలాన్ని బట్టే, మన లెక్కలాగానే.

మన తాళపత్రాలలో లేఖకుడు తప్పు రాస్తే చాలాసార్లు యతి పట్టిస్తుంది, లేకపోతే ప్రాస పట్టిస్తుంది, అదీ కాకపోతే గణం చెడుతుంది. అందుకని ఈ రెండు పాఠాలనూ గణాలు కట్టి చూశాను. తరువాతి మాట అచ్చుతో మొదలవుతుంది కనుక సునెర్ఖొమెథ, సునెర్ఖొమెన రెండింటిలోనూ చివరి అకారం లోపించి సంధి జరుగుతుంది. థీటా ఉన్నా "ను" ఉన్నా లఘువు, గురువు, లఘువు, లఘువు, ఆ వెనుక తరువాతి మాట తాలూకు గురువు. మాత్ర కూడా మారలేదు. యతి, ప్రాస అనే కాపలాదారులు గ్రీకులో లేరు. కనుక ఈ దొంగను ఛందస్సు పట్టుకోలేదు.

సందేహి

భగణం గారి పరీక్ష నిర్ణయానికి రాకపోవడమే నాకు నచ్చింది. ఇక నా వాదం చెబుతాను. "కలుస్తున్నవి" సరైన పాఠం, "కలుస్తాము" లేఖకుడి తప్పు.

మొదటి కారణం, ఈ పదబంధం ఎంపెడోక్లీస్ పలుమార్లు వాడే పల్లవి. "ఒకప్పుడు ప్రేమ వల్ల అన్నీ ఒకటిగా కలుస్తూ, మరొకప్పుడు కలహపు ద్వేషం వల్ల వేటికవి విడిపోతూ" అని సింప్లికియస్ ఇచ్చిన 17వ శకలంలోనే, అంటే ఆ 35 పంక్తులలోనే ఉంది. అక్కడ "ను"తో ఉన్న నపుంసకలింగ రూపమే కనిపిస్తుంది. రెండో కారణం ఇంకా బలమైనది. ఇదే మాట పపైరస్‌లోని "సి" సముదాయంలో, అంటే మనకు ముందే తెలిసిన 20వ శకలంలో వస్తుంది. అక్కడి విషయం ప్రాణుల అవయవాలు: జీవితం వికసించే దశలో శరీరానికి వంతుగా వచ్చిన అంగాలన్నీ ప్రేమ వల్ల ఒకటిగా కలుస్తాయి, తరువాత కలహం వల్ల జీవితపు ఒడ్డున దేనికది చెదిరి తిరుగుతాయి. మొక్కలకూ, నీటిలో ఉండే చేపలకూ, కొండ గుహల మృగాలకూ, రెక్కలతో సాగే పక్షులకూ ఇదే గతి అని కవి అంటాడు. అక్కడ "మనం" పెడితే "మనం, అంగాలన్నీ, కలుస్తాము" అనే వికృత వాక్యం వస్తుంది. లేఖకుడు అక్కడ కూడా థీటాయే రాశాడు. కానీ ఆ నకలును సరిచూసిన రెండో చేయి ఆ థీటాను "ను"గా దిద్దింది. ఆనాటి పాఠకుడే తప్పని గుర్తించిన దానిని ఇప్పుడు మనం తత్వంగా మార్చడం ఎందుకు?

తాటాకు_గంటం

సందేహి గారూ, దిద్దుబాటు గురించి మీరు చెప్పినది నిజం. అయితే మీ వాదానికి నా అభ్యంతరం కూడా ఆ దిద్దుబాటు దగ్గరే మొదలవుతుంది. థీటా ఒకసారి కాదు, మూడు చోట్ల ఉంది: "ఎ" సముదాయంలో రెండుసార్లు, "సి"లో ఒకసారి. థీటా గుండ్రని అక్షరం, మధ్యలో అడ్డగీత. "ను" నిలువు గీతల అక్షరం. మన "థ", "ధ"ల మాదిరిగా చుక్క తేడాతో కన్ను మోసపోయే జంట కాదు. చూసి రాసేవాడు ఒకసారి పరధ్యానంలో జారవచ్చు. అదే మాటలో, అదే చోట, మూడుసార్లు, మూడుసార్లూ ఒకే వైపుకు జారాడంటే దానిని జారుడు అనగలమా?

మన లేఖకులు గ్రంథం చివర రాసుకునే శ్లోకం ఒకటుంది: "యాదృశం పుస్తకం దృష్ట్వా తాదృశం లిఖితం మయా, అబద్ధం వా సుబద్ధం వా మమ దోషో న విద్యతే." చూసినది చూసినట్టు రాశాను, తప్పైనా ఒప్పైనా దోషం నాది కాదు అని. పనోపొలిస్ లేఖకుడు కూడా ఆ మాటే అంటాడేమో. అతడి ముందున్న మాతృకలోనే థీటా ఉండి ఉంటే?

పరిష్కర్తలైన మార్టిన్, ప్రిమవేసి థీటానే నిలిపారు. 115వ శకలంలో ఒక శాపకథ ఉంది. తప్పు చేసిన దివ్యజీవులు ముప్పై వేల ఋతువుల పాటు ధన్యుల నుంచి దూరంగా, అన్ని రకాల మర్త్యరూపాలు ఎత్తుతూ తిరగాలి. "వారిలో నేనూ ఇప్పుడు ఒకణ్ణి, దేవతల నుంచి వెలివేయబడినవాణ్ణి, ఉన్మత్త కలహాన్ని నమ్మినవాణ్ణి" అంటాడు కవి. ఆ "నేను" ఉన్నప్పుడు ఈ "మనం" ఎందుకు ఉండకూడదు? ప్రేమ కాలంలో ఒకే లోకంగా కలిసేది చెదిరిపోయిన ఆ జీవులే అని వారి ఊహ.

సందేహి

మూడుసార్లన్నది పట్టించుకోవలసిన వాదమే, ఒప్పుకుంటున్నాను. కానీ ఒకసారి తప్పు చదివినవాడు రెండోసారి తన తప్పునే జ్ఞాపకం పెట్టుకుని రాస్తాడు. పల్లవి విషయంలో ఇది మరీ సహజం. "-మెథ" అనే ముగింపు గ్రీకు రాసే చేతికి బాగా అలవాటైనది, "మనం చేస్తాము" అనే ప్రతి రెండో క్రియకూ వస్తుంది. కన్ను చూసినదాని కంటే చేతికి అలవాటైనది ముందు పడుతుంది. ఆల్గ్రా, మాన్స్‌ఫెల్డ్ అనే ఇద్దరు పండితులు 2001లో ఈ మూడు థీటాల మీదనే ఒక వ్యాసం రాశారు, వారు ఈ పాఠాన్ని ఒప్పుకోలేదు.

కొత్త_చదువరి

పాఠపరిష్కరణలో "కష్టంగా ఉన్న పాఠమే అసలైనది" అనే సూత్రం ఒకటి ఉందని చదివాను. లేఖకుడు కష్టమైనదానిని తేలిక చేస్తాడు గానీ తేలికైనదానిని కష్టం చేయడు కదా. ఇక్కడ అది వర్తిస్తుందా?

తాటాకు_గంటం

వర్తింపజేయవచ్చు, అయితే అది రెండు వైపులా పదునున్న కత్తి. అర్థం వైపు నుంచి చూస్తే "మనం" కష్టమైన పాఠం, ఎవరూ ఊహించనిది, కనుక అసలైనది కావాలి. రూపం వైపు నుంచి చూస్తే "మనం" తేలికైనది, సందేహి గారు చెప్పినట్టు చేతికి అలవాటైనది, కనుక తప్పు కావాలి. కష్టం ఎవరికి అనేది ముందు తేల్చుకోవాలి: వినేవాడికా, రాసేవాడికా.

నైలు_ఒడ్డు

మీరిద్దరూ ఒక అక్షరం దగ్గర ఉండగా, అదే పపైరస్‌లో నన్ను నిద్రపోనివ్వని మరో మాట చెబుతాను. పోర్ఫిరీ మాంసాహారాన్ని ఖండిస్తూ రాసిన గ్రంథంలో ఎంపెడోక్లీస్ పంక్తులు రెండు ఉదహరించాడు. డీల్స్ లెక్కలో అది 139వ శకలం. "అయ్యో, ఆహారం కోసం ఘోరమైన పనులు నా పెదవులతో తలపెట్టక ముందే దయలేని దినం నన్ను ఎందుకు నాశనం చేయలేదు" అని ఒక పశ్చాత్తాపం. ఆ పంక్తులు పపైరస్ "డి" సముదాయంలో దొరికాయి. అయితే అక్కడ "పెదవులతో" లేదు. "గోళ్లతో" అని ఉంది, మృగానికి ఉండే పంజా గోళ్లు. గ్రీకులో ఖెయిలెసి, ఖేలైస్ అనే ఆ రెండు మాటలూ చెవికి దగ్గరగానే ఉంటాయి.

దానితో దృశ్యమే మారిపోతుంది. పెదవులైతే ఒక మనిషి తాను తిన్న మాంసానికి ఏడుస్తున్నాడు. గోళ్లైతే ఏడుస్తున్నది ఎవరు? ఒకప్పుడు క్రూరమృగంగా పుట్టినప్పటి పాపాన్ని గుర్తు తెచ్చుకుంటున్న జీవుడా? లేక మాంసం తినే మనిషి చేతులనే కవి గోళ్లు అని తిడుతున్నాడా? నాకు మొదటిదే సరైనదనిపిస్తుంది. పోర్ఫిరీకి మనుషుల భోజనంతోనే పని, మాట ఎక్కడ మారిందో గానీ ఆయన గ్రంథంలో పెదవులు బాగా ఒదిగిపోయాయి.

తాటాకు గంటం గారి ప్రశ్నకు కూడా దీనితో సంబంధం ఉంది. గోళ్లున్న ఆ "నేను" ప్రకృతి గురించిన కావ్యపు చుట్టలోనే ఉన్నాడు. అంతకుముందు అందరూ ఈ పంక్తులను మరో కావ్యానికి చేర్చి చదివారు.

గోదారి_గట్టు

మరో కావ్యమా? కొంచెం వివరిస్తారా?

నైలు_ఒడ్డు

డయోజనీస్ లయర్షియస్ అనే జీవితచరిత్రకారుడు ఎంపెడోక్లీస్ పేర రెండు కావ్యాలు చెబుతాడు: "ప్రకృతి గురించి" ఒకటి, "శుద్ధులు" అనదగినది మరొకటి. రెండూ కలిపి 5,000 పంక్తులట. 19వ శతాబ్దం నుంచి పండితులు ఒక కత్తెర పట్టుకుని భౌతికశాస్త్రం అనిపించినవన్నీ మొదటి దానిలో, పాపం, శాపం, జన్మలు అనిపించినవన్నీ రెండో దానిలో వేశారు. శాస్త్రజ్ఞుడు వేరు, భక్తుడు వేరు అన్నది ఆ పండితుల కాలపు నమ్మకం, ఎంపెడోక్లీస్‌ది కాదు. పపైరస్ రాకముందే 1987లో క్యాథరీన్ ఆస్బర్న్, 1992లో బ్రాడ్ ఇన్‌వుడ్ అసలు కావ్యం ఒక్కటే అని వాదించారు. గోళ్ల పంక్తులు అవయవాల పంక్తులతో కలిసి ఒకే పట్టీలో కనిపించగానే వారి మాటకు బలం వచ్చింది.

సందేహి

బలం వచ్చింది, నిరూపణ కాలేదు. పట్టీ చేసినవాడు ఒకే లేఖకుడు రాసిన రెండు చుట్టల నుంచి ముక్కలు కోయలేదని చెప్పలేము. పైగా "ప్రకృతి గురించి" పౌసానియస్ అనే ఒక్క శిష్యుణ్ణి "నీవు" అని పిలుస్తూ సాగుతుంది. 112వ శకలం "అక్రగాస్ మహానగరంలో నివసించే మిత్రులారా" అని ఊరందరినీ ఉద్దేశించి మొదలై, "నేను మీ మధ్య మర్త్యుడిగా కాదు, అమర్త్యుడైన దేవుడిగా తిరుగుతున్నాను" అంటుంది. "నీవు" అని ఏకాంతంలో చెప్పినదీ, "మీరు" అని బజారులో చెప్పినదీ ఒకే కావ్యం అనడానికి నేను సిద్ధంగా లేను. కానీ పాపం, జన్మ అనేవి మొదటి కావ్యంలో కూడా ఉండవచ్చని మాత్రం పపైరస్ తరువాత ఒప్పుకోక తప్పదు. కత్తెర పని చెల్లదు.

భగణం

ఒక ప్రశ్న. "ఎ" సముదాయం మొదటి కావ్యానిదే అనీ, అందులో ఫలానా చోటిదనీ అంత ధైర్యంగా ఎలా చెబుతున్నారు? చిరిగిన ముక్కకు పుట సంఖ్య ఉండదు కదా.

తాటాకు_గంటం

ఈ ప్రశ్న కోసమే ఎదురు చూస్తున్నాను, ఈ పపైరస్‌లో నాకు అన్నిటికంటే ఇష్టమైన సంగతి ఇదే. సంఖ్య ఉంది. "ఎ" సముదాయం రెండో నిలువు వరుసలో చివరి పంక్తి పక్కన, అంచులో, గామా అక్షరం ఉంది. గ్రీకు లేఖకులు ప్రతి నూరు పంక్తులకూ అంచులో ఒక అక్షరం వేసేవారు: ఆల్ఫా అంటే 100, బీటా అంటే 200, గామా అంటే 300. నకలు రాసినందుకు ఇచ్చే కూలి పంక్తుల లెక్కన కట్టేవారు కనుక ఈ గుర్తులు అవసరమయ్యేవి. కనుక ఆ పంక్తి 300వది.

ఇక వెనక్కు లెక్కపెట్టండి. ఆ వరుసలో 30 పంక్తులు, అంటే 271 నుంచి 300 వరకు. దాని ముందు వరుస చివర మిగిలినవి తొమ్మిది, అంటే 262 నుంచి 270 వరకు. ఆ తొమ్మిదిలో మొదటి అయిదు సింప్లికియస్ ఇచ్చిన 35 పంక్తులలో చివరి అయిదు. కాబట్టి ఆ 35 పంక్తులు 232 నుంచి 266 వరకు. అవి ప్రకృతి గురించిన మొదటి భాగం లోనివని సింప్లికియస్ స్వయంగా చెప్పాడు. వరుసకు 30 చొప్పున తొమ్మిది వరుసలు నిండితే 270, పది నిండితే 300. లెక్క ఎక్కడా తొణకదు. కూలి కోసం వేసిన ఒక గుర్తు వల్ల, మొదలూ చివరా లేని కావ్యంలో 232 నుంచి 300 వరకు ఉన్న ఈ 69 పంక్తుల స్థానం మనకు వేలు పెట్టి చూపించినంత కచ్చితంగా తెలిసింది.

భగణం

అద్భుతం. మన తాళపత్రాలలో గ్రంథసంఖ్య చివర వేస్తారు, ముప్పై రెండు అక్షరాలను ఒక గ్రంథంగా లెక్కించి. అంచులో నూటికొకటి వేసి ఉంటే ఎన్ని శిథిల ప్రతులకు స్థానం తెలిసేదో.

సందేహి

లెక్క బాగుంది. అయితే ఆ లెక్కతోనే మీ ప్రశ్నకు తిరిగి వద్దాం. మీరు అడిగిన పంక్తి 267వది. దాని స్థితి ఏమిటో మొదటి సందేశంలో మీరు చెప్పలేదు. ఆ పంక్తి ముందు భాగం చిరిగిపోయింది. "ప్రేమలో" అన్నది పరిష్కర్తలు ఊహించి నింపిన పూరణ. క్రియ మొదలు కూడా పూరణే. పపైరస్ మీద ఉన్నది క్రియ చివర, దాని వెనుక "ఒకే లోకంగా" అనే మాటలు. మీరు అర్థాన్ని ఉద్ధరణ చిహ్నాలలో పెట్టి రాయడం వల్ల పంక్తి అంతా చెక్కుచెదరకుండా ఉన్నట్టు అనిపించింది.

తాటాకు_గంటం

నిజమే, పూరణలను చదరపు కుండలీకరణాలలో పెట్టి ఉండవలసింది. క్షమించాలి. అయితే చూడండి, పంక్తిలో మిగతాదంతా పోయి సరిగ్గా వివాదం ఉన్న అక్షరం మాత్రం నిలిచింది!

ఆ తరువాతి పంక్తులలో కొన్నిటి పాఠం 21వ శకలం సాయంతో స్థిరంగానే ఉంది కనుక, వాటిని నేను చేసిన తెలుగులో ఇస్తున్నాను:

"ఉన్నవీ, ఉండినవీ, ఇకముందు ఉండబోయేవీ అన్నీ వీటి నుంచే:
చెట్లు మొలిచాయి, పురుషులూ స్త్రీలూ,
మృగాలూ పక్షులూ నీట పెరిగే చేపలూ,
దీర్ఘాయువులైన దేవతలూ, పూజలలో అగ్రగణ్యులు."

దేవతలను కూడా చేపల వరుసలోనే, అదే జాబితాలో, "దీర్ఘాయువులు" అన్నాడు. అమరులు అనలేదు.

కొత్త_చదువరి

అనువాదం హాయిగా ఉంది. నాదొక సూచన. క్రియనే తప్పించి "ఒకే లోకంగా కలయిక" అని నామవాచకం వేస్తే "ము", "యి" గొడవ ఉండదు కదా?

భగణం

గొడవ ఉండదు, పద్యమూ ఉండదు. ఎంపెడోక్లీస్ చక్రం క్రియల మీద తిరుగుతుంది. కలుస్తుంది, విడిపోతుంది, పెరుగుతుంది, చెదురుతుంది. దానిని "కలయిక" అని కూర్చోబెడితే చక్రం ఆగిపోతుంది. అనువాదకుడు ఏదో ఒకటి రాసి తిట్లు తినాలి.

సందేహి

భగణం గారితో ఏకీభవిస్తున్నాను. నా ఓటు "యి"కి. కానీ "ము"ను అట్టడుగున పాదసూచికలో సమాధి చేయవద్దు.

నైలు_ఒడ్డు

నా ఓటు "ము"కి. గోళ్లున్న "నేను" అదే చుట్టలో ఉండగా మనల్ని ఆ పంక్తి నుంచి బయటికి పంపడానికి నాకు మనసు రావడం లేదు. "సి" సముదాయంలో మాత్రం దిద్దుబాటునే పాటించండి, అక్కడ అంగాలు కలవాలి.

తాటాకు_గంటం

అందరి మాటా విన్నాను. 20వ శకలంలో "కలుస్తాయి" అనే వేస్తాను, అక్కడ నాకు సందేహం లేదు. 267వ పంక్తిలో మాత్రం పూరణను కుండలీకరణంలో ఉంచి, "కలుస్తాము" అని వరుసలో రాసి, ఆ "ము" నెత్తిన చిన్న అక్షరంతో "యి" వేస్తాను. ఆ లేఖకుడిదీ, అతణ్ణి దిద్దినవాడిదీ రెండు చేతులూ కనబడేలా. అచ్చు వేసేవారు ఇది ముద్రణ దోషమనుకుని సరిచేస్తారేమోనని మాత్రం భయంగా ఉంది, ప్రూఫు నేనే చూసుకోవాలి.